గట్టయ్య కాలు విరిచిన మెట్లు

పెళ్లయి నలభై రోజులు. వనిత చేతినిండా ఇంకా పెళ్లిగాజులే. కాశేలిలోని ఆఫీసులో ఆమె కీబోర్డు మీద వేళ్లు ఆడిస్తే కంప్యూటరుకే పెళ్లయినట్టు గలగలమని ఒకటే చప్పుడు. "వనితా, ఆ గాజులకు సుత ఓ కోడ్ వెయ్యరాదూ!" అని టీమ్ లీడరు నమ్రత రోజూ వెక్కిరించేది.

ఎక్కడెక్కడి ఆస్పత్రుల కాగితాలో చదివి, డాక్టరు రాసిన ప్రతి జబ్బుకూ దెబ్బకూ అంకెల గుర్తు వేయడం వాళ్ల పని. అందులో పాత దెబ్బ మానాక మిగిలిపోయిన బాధలంటే వనితకు ప్రత్యేకమైన ఇష్టం. అది మూడు ముక్కల పని. ముందు ఇప్పటి బాధ. తర్వాత ఎప్పుడో విరిగిన ఎముక, దాని చివర 'ఎస్' అనే అక్షరం: దెబ్బ పోయింది, జాడ మిగిలింది అని. ఆఖరున ఆ దెబ్బ ఎట్లా తగిలిందో. మూడూ కుదిరితే మూడు మల్లెలు ఒకే ముడిలో పడ్డట్టు ఆమెకు సంబరం.

ఆ మూడు ముక్కలూ తన ఇంట్లోనే మంచం మీద కూర్చుని ఉన్నాయని తోచడానికి మాత్రం కొన్నాళ్లు పట్టింది.

బతుకుదెరువుకు ఈ పరరాష్ట్రపు మగ్గాల ఊరికి వచ్చిన మామ గట్టయ్య టెంఘర్‌లో దేవయ్య సేటు కార్ఖానాలో సాంచెలు, అంటే మరమగ్గాలు, నడిపేవాడు. రెండేళ్ల కింద నూలు చుట్టిన బరువైన ఇనుప భీమును సాంచెకు ఎక్కిస్తుంటే అది జారి కుడికాలి మీద పడింది. ఎముక అతికింది గాని, అతికిన కాలు రెండు వేళ్ల మేర పొట్టిదైంది. చీలమండ వంగదు. పన్నెండు గంటలు నిలబడే పనిలో పావుగంట నిలబడలేడు. దేవయ్య బతికున్నన్నాళ్లు ఓ మూల కూర్చోబెట్టి కండెలు చుట్టించాడు. ఆయన పోయాక కొడుకు భూషణ్, "కాకా, ఇంట్ల ఆరామ్ తీస్కో" అన్నాడు. ఆ ఆరామ్‌కు ఎనిమిది నెలలు.

ఆదివారం సాయంత్రం వరాలా తలావ్ చెరువు గట్టున భర్త పాండుతో మక్కకంకి సగం సగం తింటూ వనిత అసలు సంగతి చెప్పింది. "వకీలును అడిగిన. పనిల కాలు పోయిందని డాక్టరు రాసిస్తే సేటు మీద నష్టపరిహారం దావా నిలబడ్తదట. రెండేండ్లు నిండకముందే వెయ్యాలె. ఇంక పదకొండు రోజులే ఉన్నయి."

"నాయిన ఒప్పుకుంటడా?"

"ఒప్పుకోకపోవుడేంది? ఇరిగింది ఆయిన కాలే గద!"

పాండు కంకి గింజలు వలిచి ఆమె చేతిలో పోశాడు.

ఇంటికొచ్చి పాత ఆస్పత్రి కాగితం విప్పగానే పాండు ఎందుకట్లా అడిగాడో ఆమెకు అర్థమైంది. 'ఇంట్లో మెట్ల మీంచి పడ్డాడు' అని ఉంది. కార్ఖానా పేరు రాస్తే పోలీసులు, పంచనామా, సాంచెలు బంద్, పది ఇళ్లలో పొయ్యి ఆరడం. అందుకే సేటు ఆస్పత్రి ఖర్చు పెట్టుకుంటాడు, పనివాడు మెట్లు అంటాడు. ఆ గల్లీల్లో కాళ్లూ చేతులూ అన్నీ మెట్ల మీదే విరుగుతాయి.

"మామా, మన రూముకు మెట్లేడున్నయి?"

గట్టయ్య నవ్వాడు. "లేకుంటేంది? దేవయ్య నన్ను బుజం మీదేసుకొని ఉరికిండు, బిడ్డా. తొవ్వంత ఏడ్సిండు. మెట్లనే చెప్పుమని కొండగట్టు అంజన్న మీద ఒట్టు పెట్టిచ్చుకున్నడు."

"ఆయిన పోయిండు గద."

"మనిషి పోతే ఒట్టు పోతదా?"

రెండు రాత్రులు బతిమాలింది. "డాక్టరు అడిగితే ఉన్నది చెప్పు, గంతే. కాయిదం మీద లేంది నేను గూడ లేదనే అంటా. మా పనే గట్ల." చివరికి ఆయన తల ఊపాడు.

డాక్టరు గది మొదటి అంతస్తులో. టేపుతో రెండు కాళ్లూ కొలిచాడు, చీలమండ ఒత్తి చూశాడు, ఎక్స్‌రే వెలుగుకు పట్టాడు. కుడికాలు పొట్టి, కీలు బిగుసుకుంది, ఎప్పుడో విరిగిన ఎముక అని రాశాడు. రెండు ముక్కలు కుదిరాయి. ఇక మూడోదే మిగిలింది.

"కైసే టూటా, చాచా?" ఎట్లా విరిగిందని డాక్టరు అడిగాడు.

గట్టయ్య గోడను చూశాడు. చేతిలోని తువ్వాలును మడిచాడు, మళ్లీ విప్పాడు.

"సీఢీ సే గిరా, సాబ్." మళ్లీ అవే మెట్లు.

"డాక్టర్ సాబ్, మా ఇంటికి మెట్లే లేవు!" వనిత హిందీలో అరిచినంత పని చేసింది.

డాక్టరు ముసలాయన వైపు చూశాడు. కోడలు కొత్తగా వచ్చిందనీ, అప్పుడు వేరే రూములో, మేడ మీద ఉండేవాళ్లమనీ గట్టయ్య మెల్లగా చెప్పాడు. డాక్టరు పెన్ను కదిపాడు. "దెబ్బ తగిలిన మనిషి ఏం చెప్తే అదే నేను రాయాలమ్మా."

వనిత ఎక్స్‌రేను కవరులో పెట్టింది. రోజంతా తాను చేసేదీ అదే.

బయటికొచ్చాక అడిగింది. "ఎందుకట్లన్నవ్, మామా?"

"చెప్దామనే పోయిన, బిడ్డా. నోరు తెరిచేసరికి దేవయ్య ఏడుపు ఇనొచ్చింది."

కిందికి పదిహేడు మెట్లు. గట్టయ్య ఒక చేత్తో గోడ పట్టుకుని, ఒక్కో మెట్టు మీద రెండు కాళ్లూ ఆనించి దిగుతున్నాడు. వంగని చీలమండ ప్రతిసారీ అంచుకు తగిలి టక్కుమంటోంది. వనిత భుజం అందించింది. ఆయన బరువుకు రెండు గాజులు చిట్లి మెట్ల మీద పడ్డాయి. ఏరడానికి వంగబోతే ఆయన ఆపాడు.

"నిమ్మలంగ దిగు, బిడ్డా" అన్నాడు. "మెట్లు మంచియి గావు."