హైకోర్టులో గెలిచిన సాక్ష్యం

ఫ్రాన్సిస్ పేరెత్తితే సంజీవయ్యకు ఇప్పటికీ ముద్ద దిగదు. పెదనాయన కొడుకు, వరసకు అన్న. చర్చిలో ముందు బెంచీ ఆయనదే. కళ్లు మూసుకుని ఎంత పొడుగు ప్రార్థనైనా చేస్తాడు గానీ, కళ్లు తెరిచేసరికి పక్కవాడి గట్టు జరిగి ఉంటుంది.

తగాదా ఆళ్లగడ్డ అవతల రోడ్డు పక్కనున్న చేను మీద. తాత ఇద్దరు కొడుకులకూ నోటిమాటగా పంచి కన్నుమూశాడు. కాగితం ముక్క లేదు. ఆ చేను తన నాయన పాలిదని సంజీవయ్య ఆళ్లగడ్డ కోర్టులో దావా వేశాడు. రుజువేమిటంటే, నాయన సమాధి అందులోనే ఉంది. పరాయి చేలో పీనుగును ఎవడు పూడ్చనిస్తాడు? దానికి ఫ్రాన్సిస్ బోనెక్కి, "చిన్నాయన గదా, జాలిపడి నేనే చోటిచ్చినా" అన్నాడు. జాలట! కానుకల సంచీలో ఉత్త చెయ్యి పెట్టి తీసే మనిషికి జాలి!

నాయన్ను పూడ్చేటప్పుడు అన్నీ దగ్గరుండి చూసింది మేనత్త దానమ్మ. ఆమెను సాక్షిగా పిలవాల్సిన రోజుల్లో సంజీవయ్యకూ ఆమెకూ మాటల్లేవు. అతని కూతురి పెళ్లి విందులో తనకు ఎముకలే వడ్డించారని అలిగి, డోన్‌లో బిడ్డ ఇంటికి పోయి కూర్చుంది. అలక తీరేసరికి సాక్ష్యాలు ముగిసి వాదనలు మొదలయ్యాయి.

సాక్ష్యం మళ్లీ తెరవమని సంజీవయ్య తరఫున నంద్యాల లాయరు ఆనందరావు పిటిషన్ వేశాడు. ఈ దశలో కుదరదని కింది కోర్టు కొట్టేసింది.

"హైకోర్టుకు పోదామప్పా" అన్నాడు ఆనందరావు.

"ఆడ గెలుస్తామా?"

"గెలవకపోతే ఈ నల్లకోటు ఇప్పి నీకే ఇస్తా, ఎద్దుకు కప్పుకో."

గెలిచారు. రివిజన్ పిటిషన్ మీద హైకోర్టు కింది ఉత్తర్వును కొట్టేసి, దానమ్మ ఒక్కదాని సాక్ష్యం తీసుకోమంది. అవతలి లాయరూ ఆమెను ప్రశ్నించవచ్చని రాసింది. ఆ చివరి ముక్క సంజీవయ్య చెవికెక్కలేదు. ఆళ్లగడ్డ బస్టాండులో కనబడ్డవాళ్లందరికీ లడ్లు పంచాడు. ఫ్రాన్సిస్ ఇంటికీ ఒక పొట్లం పంపాడు, పొగరుకొద్దీ.

బోనులో దానమ్మ దివ్యంగా మొదలుపెట్టింది.

"పూడ్చేదానికి ఎవర్నన్నా అనుమతి అడిగినారా?" అన్నాడు ఆనందరావు.

"ఆయప్ప చేన్లో ఆయప్పను పూడ్చేదానికి ఎవర్నడగల్ల?"

సంజీవయ్య మీసం దువ్వాడు. అప్పుడు ఫ్రాన్సిస్ తరఫు లాయరు హేమలత లేచింది.

"అవ్వా, మీ ఊర్లో గుంత తీసేటప్పుడు మొదటి గడ్డపార ఎవరేస్తారు?"

"చేనుగల్లాయన. ఆయన ఎయ్యకుండా ఇంగొకరు మన్ను ముట్టుకోరు తల్లీ."

"ఆ పొద్దు ఎవరేసినారు?"

దానమ్మ సంజీవయ్య వంక చూసింది. "ఫ్రాన్సిసే ఏసినాడు."

హేమలత కూర్చుంది. ఆనందరావు ఎగిరి లేచి, ఎందుకు వేశాడని అడిగాడు.

"తననెవరూ పిలవల్యా అని అరుగు మీద అలిగి కూచుండె. శవం ఎండకు మాడుతాండె. పెద్దోడు గదా అని మా సంజీవుడే పోయి, అన్నా నువ్వే ఎయ్యి అని గడ్డపార చేతికిచ్చె."

జడ్జి అంతా రాసుకున్నాడు.

బయటికొచ్చాక సంజీవయ్య అత్త మీద పడ్డాడు. "అట్ల చెప్పినావేందత్తా?"

"అడగనిది చెప్పొద్దంటివి, చెప్పల్యా. అడిగింది గూడా చెప్పొద్దని యాడంటివిరా?"

తీర్పులో జడ్జి రాసింది ఇది: మొదటి గడ్డపార చేను యజమానే వేస్తాడని వాది పిలిచిన సాక్షే ఒప్పుకుంది. మర్యాద కోసం ఇచ్చాడన్న కథ దావాలో ఎక్కడా లేదు. దావా కొట్టివేయడమైనది.

"నంద్యాలలో అప్పీలు ఏద్దామప్పా" అన్నాడు ఆనందరావు.

"ఈసారి సాక్ష్యానికి ఎవర్ని తెస్తావు? మా నాయన్నే లేపుకొస్తావా?"

మెట్ల కింద ఫ్రాన్సిస్ నిలబడి ఉన్నాడు. "సమాధికి సున్నం కొట్టుకోవాలంటే ఒక మాట చెప్పు తమ్ముడా, కంచె తీయిస్తా" అన్నాడు, ఎంతో ప్రేమగా.

సంజీవయ్య నోటికి వచ్చిన మాట ఏ చర్చిలోనూ పలికేది కాదు. పలికాడు. దాంతో పోయిందేమీ తిరిగి రాలేదు: ఎకరా ముప్పై ఏడు సెంట్ల నల్లరేగడి, నాయన పడుకున్న ఆరడుగులూ అందులోనే.