వరండాలో చాపలు

పొద్దున్న పోర్టు సైరన్ మోగేసరికి డాక్టర్ చాంద్ సుల్తానా ఆస్పత్రి వరండాలో ఉండేది. లోపలి మంచాలన్నీ స్టీల్‌ప్లాంటు పనుల్లో దెబ్బలు తగిలినవాళ్ళకే సరిపోయేవి. ముసలివాళ్ళకి వరండాలో చాపలు. ఆమె ఒక్కొక్కరి పక్కనా కూర్చుని చెయ్యి పట్టుకునేది. పట్టుకున్నంతసేపూ వాళ్ళ నొప్పి తగ్గేది, ఆమెకి వయసు మీదపడేది. నలభై నిండకుండానే జుట్టు ముగ్గుబుట్టయింది. నర్సులు ఆమెకో స్టూలు వేసి తమ పనిమీద పోయేవారు. ఓల్డ్ టౌన్‌లో కొట్టు నడిపే తమ్ముడు నజీర్ మాత్రం, "కళ్ళజోడు మళ్ళీ మార్పించాలి ఆపా," అనేవాడు.

ఒకరోజు, గోపాలపట్నం నుంచి వచ్చిన కాశమ్మ దగ్గుతూ లేచి కూర్చుంది.

"నానింటికెల్లిపోతానమ్మా. రేత్రంతా కుక్కలు కాళ్ళమీంచి తిరుగుతన్నాయి."

సుల్తానా సూపరింటెండెంటు శ్రీరామ్మూర్తి గదికి వెళ్ళింది. అది మొదటిసారేం కాదు.

"లోపల కొన్ని మంచాలు ఇప్పించండి సార్. తెరలు నేను కట్టిస్తాను. బట్టలు మార్చేటప్పుడైనా నలుగురి కళ్ళూ పడకుండా ఉంటుంది."

"కాళ్ళు విరిగిన కుర్రాళ్ళని కింద పడుకోబెట్టమంటారా?" ఆయన గొంతులో కోపం లేదు, అలసట ఉంది. "అరవై దాటినవాళ్ళని మందులిచ్చి పంపెయ్యమంటున్నారు పైవాళ్ళు. నేను వరండా అయినా ఇచ్చాను."

ఆ చలికాలం వరండాలో చాలామంది పోయారు. ఆఖరి ఊపిరిదాకా ఆమె ఎవరి చెయ్యీ వదల్లేదు. నడుం వంగింది, చెవులు మందగించాయి. కాశమ్మ మాత్రం మెల్లమెల్లగా తేరుకుంది.

ఎండలు ముదిరాక ఒక పొద్దున్న సుల్తానా నడుస్తూనే కూలబడిపోయింది. లోపలికి మోసుకెళ్ళారు. కొత్తగా చేరిన డాక్టరు దొరబాబు నాడి చూసి, మంచం ఇమ్మంటారా అని శ్రీరామ్మూర్తిని అడిగాడు. ఆయన ఆమె ముడతల చేతులకేసి చాలాసేపు చూశాడు.

"ఎనభై దాటిన ఒళ్ళు," అన్నాడు నెమ్మదిగా. "వరండాలో వెయ్యండి. ఎండ తగలని చోట చూడండి."

ఆ రోజే ఇంటికి బయల్దేరిన కాశమ్మ, మూట కింద పెట్టి ఆమె పక్కన చతికిలబడింది. చెయ్యి తీసుకుని రెండు చేతుల్లో పెట్టుకుంది.

"నొప్పి తగ్గిందేటమ్మా?"

"లేదు కాశమ్మా."

"నాకా ఇద్దె రాదు కదా," అంది కాశమ్మ. "అయినా కూకుంతాను."

సాయంత్రం కొట్టు మూసి నజీర్ వచ్చేసరికి ఆ చెయ్యి చల్లబడిపోయింది. కాశమ్మ ఇంకా పట్టుకునే ఉంది.