పక్క కొండ వాళ్ళ డోలు

ఒకప్పుడు ఈ కొండల్ని ఆక్రమించిన జర్మన్లు మా బమెక్వి కోట తగలబెట్టి ఎత్తుకుపోయిన రాచడోలు తిరిగి వస్తోందంటే, ఊరంతా ముందునుంచే కల్లు దింపించి పెట్టుకుంది. దాన్ని ఉంచుకున్న జర్మనీ మ్యూజియానికి ఏళ్ళ తరబడి ఉత్తరాలు రాసిన బడిపంతులిని నేనే కాబట్టి డోలు వచ్చిన పెట్టె మూత తెరిచే గౌరవం నాకిచ్చారు. తెరిచాను. రాజమాత బిహ్‌న్వి వంగి చూసి, పెదవి విరిచి వెనక్కి జరిగింది.

డోలు కింద చిరుతపులి చెక్కి ఉంది. మా డోలుకి ఉండేది రెండు తలల పాము. చిరుత పక్క కొండ బఫోంచా వాళ్ళది. ఎవరి తాతలు వాళ్ళ రాచడోలులోనే ఉంటారని మా కొండల్లో నమ్మకం. వాళ్ళ కోట కూడా ఆ ఏడాదే తగలబడింది. ఈ సంగతి మా ఊళ్ళో పాలు తాగే పిల్లలకి తప్ప అందరికీ తెలుసు.

డోలు వెంట వచ్చిన మ్యూజియం ఆవిడకి మెల్లిగా చెప్పాను. చీటీలో మీదేనని రాసి ఉంది కదా అంది. చీటీ తప్పన్నాను. అలా అయితే డోలు వెనక్కి వెళ్ళాలనీ, కమిటీ మళ్ళీ కూర్చోవాలనీ, బఫోంచా వాళ్ళు వేరే అర్జీ పెట్టుకోవాలనీ ఓపిగ్గా వివరించింది. నాకు తల గోడకేసి కొట్టుకోవాలనిపించింది. ఇక ఆ మాటెత్తలేదు.

ఆవిడ అటు వెళ్ళగానే మా రాజు ఇంకో మెలిక పెట్టాడు. వచ్చింది వచ్చినట్టు ఉంచేసుకుందామట. బఫోంచా వాళ్ళతో పొలం గట్ల తగాదా ఉంది కాబట్టి ఎవరూ నోరు మెదపకూడదట. పెద్దలంతా గొర్రెల్లా తలలూపారు.

"పక్కింటి శవాన్ని మన వాకిట్లో పెట్టుకుని ఏడుద్దామా నాయనా?" అంది రాజమాత కొడుకుతో.

"వాళ్ళే మన చోట ఉంటే ఇచ్చేవాళ్ళా అమ్మా?"

"ఇవ్వరు. వాళ్ళకి బుద్ధి లేదని నీకూ వద్దా?"

ఆయన మొహం తిప్పుకున్నాడు. మర్నాడు పొద్దున్నే రాజమాత డోలుని కూరగాయల వ్యానులోకి ఎక్కించి, దాని పక్కనే కూర్చుని, నన్నూ రమ్మంది.

బఫోంచాలో మమ్మల్ని చూసి ముందు తలుపులేసుకున్నారు. చివరికి డోలు కాపలా వంశంలో పెద్దవాడు, తంఫు, బయటికొచ్చాడు. డోలు చుట్టూ తిరిగి తిరిగి చూశాడు. ముత్తాతల కాలంలో పోయింది ఇంటికొస్తే ఆ మనిషి అన్న మొదటి మాట, "చిరుత తోకేదీ? విరగ్గొట్టి తెచ్చారా?"

అలాగే వచ్చిందని చెప్పబోయాను. సాక్ష్యమేదన్నాడు. రాజమాతకి ఓపిక చచ్చిపోయింది.

"తంఫూ, తోక తగాదా రేపు పెట్టుకుందువు గాని. ముందు మీ తాతల్ని లోపలికి పిలువు. ఎండలో నిలబెట్టేశావు."

ఆ మాటకి తంఫు నేలమీద చతికిలబడి, చిరుత తలని రెండు చేతులా పట్టుకుని వెక్కి వెక్కి ఏడ్చాడు. ఆడవాళ్ళు పామాయిల్ తెచ్చి ఎండిపోయిన చెక్కకి రుద్దారు. మాకు పసుప్పచ్చ పులుసు పోసి దంచిన చేమదుంపల ముద్ద పెట్టారు. తింటున్నంతసేపూ వెనకనుంచి తోక మాట వినబడుతూనే ఉంది.

మా డోలు కోసం మళ్ళీ ఉత్తరాలు మొదలుపెట్టాను. మీది మీకు ఇచ్చేశాం కదా అని జవాబొచ్చింది.

డోలు తొలిసారి మోగించే పండుగకి బఫోంచా వాళ్ళు మా రాజుని పిలిచారు. అన్నాళ్ళూ తల్లితో మాట్లాడని మనిషి, కుట్టుపని అంగీ తొడుక్కుని వెళ్ళి, ముందు వరసలో కూర్చుని, ఇచ్చేద్దామన్న ఆలోచన తనదేనని సభలో చెప్పాడు. అందరూ చప్పట్లు కొట్టారు. నా పక్కన రాజమాత నవ్వు కనబడకుండా పైగుడ్డ మొహం మీదికి లాక్కుంది.