పదిహేను నిమిషాల బడి

మధుకు అన్నం తిన్నాక కంచంలోనే చెయ్యి కడుక్కునే అలవాటు. నాలుగడుగుల దూరంలో సింకు ఉన్నా సరే. ఆ ఎంగిలి నీళ్లలో తేలే కరివేపాకు, నమిలి ఉమ్మిన ములక్కాడ పిప్పి చూసి పదకొండేళ్లుగా అరుణజ్యోతికి రోత పుడుతూనే ఉంది. ఛీ! మొదట్లో తన మీద తనకే కోపం వచ్చేది, మొగుడి ఎంగిలికి ఇంత రోతేమిటని. ఇప్పుడా మొహమాటం పోయింది. ఆమె కంచం ఎత్తుతుంటే, మధు సోఫాలో చేరగిలబడి స్నేహితుడు వినయ్‌తో అంటున్నాడు.

"మా అరుణను రాణి లెక్క చూసుకుంటున్నం వినయన్నా. గడప దాటే పనే లేదు."

రాణి అట, రాణి! ఐదుగురికి మూడు పూటలా వండాలి. మామ సీతారాములుకు ఆమె పక్కన నిలబడి వేడివేడిగా వడ్డిస్తే తప్ప ముద్ద దిగదు. అత్త అండాలమ్మ మోకాళ్లకు నూనె రాయాలి. ఇదంతా సుఖమేనట. చిన్నప్పుడు ఊళ్లో తమ అరుగు మీద పక్కింటి పిల్లలకు అక్షరాలు దిద్దించిన నాటి నుంచి సర్కారు టీచరు కావాలని ఆమె కోరిక. అది మాత్రం ఈ ఇంట్లో అందరికీ కష్టంగా కనిపించింది. మధ్యాహ్నం అందరికీ అన్నాలు పెట్టాక, దిల్‌సుఖ్‌నగర్ రీడింగ్ రూములో రెండు నుంచి ఆరు వరకు ప్లాస్టిక్ కుర్చీలో నడుము పడిపోయేలా చదివింది రెండేళ్లు. నిజం చెప్పొద్దూ, ఆ ఉక్కపోతలోనే ఆమెకు ప్రాణం లేచొచ్చేది. అక్కడ "చాయ్ పెట్టు" అనే గొంతు ఒక్కటీ లేదు మరి.

"ఏసీల పండక గీ పరేషాన్ నీకెందుకే?" అని రోజూ నవ్విన మధు, ఉద్యోగం వచ్చిందనగానే కర్మన్‌ఘాట్‌లో తమ గల్లీ అంతా స్వీట్లు పంచాడు. "నేనే చదివించిన" అన్నాడు, సిగ్గు లేకుండా. ఆ లడ్డూ ఆమె నోట్లో గడ్డిలా తిరిగింది. ఆ తర్వాత ఖాళీలున్న బడుల జాబితా వచ్చింది. ర్యాంకు మంచిది, ఎక్కడ కావాలంటే అక్కడ దొరుకుతుంది. అంతే, ఇంటిల్లిపాదీ లెక్కలేసేశారు.

"బడంగ్‌పేట్ బడి రాయించుకో. పదిహేను నిమిషాలల్ల పోతవు. పొద్దుగాల వంట చేసిపో, నాలుగున్నరకు మల్ల ఇంట్ల ఉంటవు. ఎవ్వలికీ తక్లీఫ్ ఉండది" అన్నాడు మధు.

"మధ్యాహ్నం గంట కొట్టినప్పుడు జర ఉరికొచ్చి మామకు అన్నం పెట్టిపో బిడ్డా. ఎంత దూరమని?" అంది అండాలమ్మ, ముద్దుగా.

అరుణజ్యోతి జాబితా చేతిలోకి తీసుకుంది. బడికి కూడా తాడు కట్టి, ఆ కొస వంటింట్లో పెట్టుకున్నారు వీళ్లు! చిట్టచివర, ఎక్కడో దూరాన మాడ్గుల మండలంలో ఒక తండా బడి ఉంది. ముప్పై ఒక్కమంది పిల్లలు, ఐదు తరగతులు, ఒకే గది, ఒకే టీచరు. ఫోన్ చేసి కనుక్కుంటే, వానకు కారుతుందన్నారు, నీళ్లు మోసుకోవాలన్నారు. విన్నకొద్దీ ఆమెకు అక్కడికే పోవాలనిపించింది. చేస్తే అలాంటి చోట చెయ్యాలి చాకిరీ, పిల్లవాడు మొదటిసారి తన పేరు తనే చదువుకుంటే ఆ ఫలితం కళ్లారా కనబడుతుంది. నాలుగో తరగతి చదువుతున్న కూతురు భావననూ అక్కడే చేర్పించుకోవచ్చు. "వస్తవా?" అని అడిగితే పిల్ల ఎగిరి గంతేసింది.

బడి ఎంచుకునే కౌన్సెలింగ్ రోజు మధు కూడా వెంట వచ్చాడు. తలుపు దగ్గర ఆపితే అక్కణ్నుంచే మెడ సాచి అరిచాడు. "మేడం, బడంగ్‌పేట్! బడంగ్‌పేట్ రాయుండ్రి!"

బల్ల వెనకున్న మేడం అతణ్ని కాదు, ఆమెను చూసింది. "ఏ బడి అమ్మా?"

అరుణజ్యోతి జాబితాలో చివరి వరస మీద వేలు పెట్టింది. మేడం కళ్లజోడు సర్దుకుంది.

"ఇంటి దగ్గర ఖాళీ పెట్టుకుని ఇదేంటమ్మా? ఆ తండాకు సరిగ్గా బస్సు కూడా లేదు. ఇంటి నుంచి రోజూ వచ్చిపోవడం కుదరదు, అక్కడే ఉండాలి."

"అందుకే మేడం" అంది అరుణజ్యోతి.