అవ్వ లేని సినిమా

సియోల్‌కు దూరంగా ఉన్న ఆ కొండ ఊరికి ప్యో సొన్‌హ్వా డాక్యుమెంటరీ తీయడానికి కెమెరా మోసుకుని రావడం మొదలుపెట్టి అయిదేళ్లయింది. కొండ మీద అమెరికా వాళ్లు క్షిపణులను పసిగట్టే రాడార్ పెట్టారు; అది తమ మీదా కన్నేస్తుందని చైనాకు కోపం. అక్కడికి పోయే దారి ఆ ఊరి బౌద్ధులకు తమ గురువు నడిచిన బాట. అందుకని ముసలమ్మలు లారీలకు అడ్డంగా రోడ్డు మీద చాపలు పరిచి జపం చేసేవారు. పోలీసులు వాళ్లను చాపలతో సహా ఎత్తి పక్కన పెట్టేవారు. తెల్లారితే మళ్లీ వచ్చి కూర్చునేవారు.

సినిమా పట్టుకుని తిరిగితే టీవీ వాళ్లు, "ఈ జపాలెవరు చూస్తారండీ? క్షిపణులూ చైనా కోపమూ ఉంచండి, చాలు" అన్నారు. మఠం పెద్దాయన, "ప్రార్థన ఉంచమ్మా, రాజకీయం తీసెయ్" అన్నాడు. ఆ రెంటినీ విడదీస్తే అక్కడ జరిగినదేమీ మిగలదని చెప్పీ చెప్పీ సొన్‌హ్వా నోరు నొప్పెట్టింది. చివరికి సియోల్లో ఒక చిత్రోత్సవం వాళ్లు ఉన్నదున్నట్టు వేస్తామన్నారు.

ప్రదర్శనకు ఇంకా పన్నెండు రోజులున్నాయనగా, రోడ్డు మీద చాప పరిచే వాళ్లలో ఒకతె, బున్‌నమ్ అవ్వ, రమ్మని కబురు పెట్టింది. ఎనభై మూడేళ్ల ఆ మనిషే సినిమాకు ప్రాణం. సొన్‌హ్వా వెళ్లేసరికి ప్లాస్టిక్ పందిరి కింద పసుపుపచ్చని దోసపళ్లు ఏరుతోంది.

"నన్ను తీసెయ్యవే."

"ఎక్కడ్నుంచి అవ్వా?"

"మొత్తం. మనవరాలు సైన్యంలో ఆఫీసరు కొలువుకి పెట్టుకుంది. నానమ్మ రోడ్డు మీద పడుకుందని తెలిస్తే ఇస్తారా?"

"పోలీసుల దగ్గర నీ ఫొటోలు వందుంటాయి. నా సినిమా వల్ల కొత్తగా తెలిసేదేముంది?"

"వాళ్లు తీసింది నేనాపలేను. నువ్వు తీసిందైతే ఆపగలను."

సొన్‌హ్వాకు ఒళ్లు మండింది. "కాగితం మీద సంతకం పెట్టావు కదా" అంది.

"పెట్టాను. కోర్టుకి లాగుతావా? లాగు." అవ్వ ఒక పండు కోసి ముక్క అందించింది. సొన్‌హ్వా తీసుకోకుండా కారెక్కింది.

మూడు రోజులు తిట్టుకుంది. నాలుగో రోజు కూర్చుని అవ్వ కనిపించే చోట్లన్నీ కోయడం మొదలుపెట్టింది. తొంభై నాలుగు నిమిషాల సినిమా యాభై ఒకటికి దిగింది. చిత్రోత్సవం వాళ్లు చూసి, కథకు మనిషే లేదన్నారు. వచ్చే ఏడు చూద్దామన్నారు.

మనవరాలికీ కొలువు రాలేదు. కంటిచూపు చాలదన్నారట.

ఆకురాలే కాలంలో ఊరి హాల్లో ఆ యాభై ఒక్క నిమిషాలూ వేశారు. ముందు వరసలో కూర్చున్న బున్‌నమ్ అవ్వ దీపాలు వెలిగాక కూడా లేవలేదు.

"అయిదేళ్లు ఎండలో కూర్చున్నాను. ఒక్కచోటా లేనేంటే?"

"నువ్వే కదా అవ్వా తీసెయ్యమన్నావు?"

"అంటే మాత్రం? వెనకనుంచైనా ఉంచకూడదూ? నా వీపు చూసి ఎవడు గుర్తుపడతాడు?"

పక్కనున్న ముసలమ్మలు పడీపడీ నవ్వారు. సొన్‌హ్వాకు నవ్వు రాలేదు. వంగి ప్రొజెక్టరు తీగ చుట్టసాగింది.