కూర్చునే సీను

వరద నీళ్ళు గడప దాటి అటక కిందిదాకా వచ్చిన ఏడాది అది. నీళ్ళు తీశాక ప్రతి గోడకీ తలెత్తున బురద చార మిగిలింది. ఆ చార కోసమే సినిమావాళ్ళు ఆ వీధికొచ్చారు. మూలింటి పిల్ల, పదహారేళ్ళది, గోడ తోముతుంటే డైరెక్టరు పరుగెత్తుకొచ్చి, "అమ్మాయ్, కడగొద్దు! అలాగే ఉండనీ" అన్నాడు.

"ఉంచితే మీరొచ్చి ఉంటారా ఇందులో?" అంది పిల్ల చెయ్యి ఆపకుండా. వీధంతా దాన్ని మిరపకాయ్ అని పిలిచేది ఊరికే కాదు. మర్నాడే దానికి వేషం ఇచ్చారు.

తల్లి చొక్కాల ఫ్యాక్టరీలో కాలర్లు కుడుతుంది. పిల్లకి తోడెళ్ళాలని సెలవడిగితే సూపర్‌వైజరు, "ఏం, తల్లి వేషం నీకిచ్చారా?" అని నలుగురిలో ఎకసెక్కమాడాడు. ఆమె నవ్వేసింది. జవాబు చెప్పే ఓపిక లేనప్పుడు నవ్వడం తేలిక.

సీను చిన్నదే. తండ్రి వేషంలో ఉన్నతను మంచం మీంచి "నీళ్ళు!" అని కేకేస్తాడు. పిల్ల కిటికీ దగ్గర కూర్చునుంటుంది. లేవదు. అంతే. ఇంత సుఖమైన పని ఎక్కడైనా ఉంటుందా అనుకుంది తల్లి.

"నీళ్ళు!" అన్నాడతను. పిల్ల లేచింది.

"కట్! లేవకూడదమ్మా."

"నేను లేవలేదండీ. కాళ్ళే లేచాయి."

అందరూ గొల్లుమన్నారు. మళ్ళీ తీశారు, మళ్ళీ లేచింది. మధ్యాహ్నానికి ఎవరికీ నవ్వు రావడం లేదు. నోరు మిరపకాయే, కాళ్ళు మాత్రం మాట వినే కాళ్ళు. అప్పుడు లైటు పట్టుకున్నతను వెనక్కి తిరిగి తల్లితో, "అక్కా, మీరెందుకు లేస్తున్నారు ప్రతిసారీ?" అన్నాడు. తను కూర్చున్న స్టూలు మీంచి లేచి నిలబడి ఉందని ఆమెకి అప్పటిదాకా తెలీదు.

సిగ్గుతో చచ్చిపోయింది. మళ్ళీ కూర్చుంది గానీ మనసు కూర్చోలేదు. "మొగుడు గొంతు విప్పేలోపు గ్లాసు చేతిలో ఉండాలి" అనేది అత్తగారు. ఈ పిల్లని కన్న మూడోనాడు కూడా ఆయన కేకేస్తే గోడ పట్టుకుని లేచింది. "మా ఆవిడకి చెప్పక్కర్లా, దగ్గితే చాలు" అని స్నేహితుల ముందు ఆయన మెచ్చుకుంటే ఆ పూటంతా మురిసిపోయింది కూడా. పోనీ, తన సంగతి సరే. పిల్లకి నడక వచ్చీ రాగానే చేతిలో గ్లాసు పెట్టి "నాన్నకిచ్చిరా, నా బంగారం" అని పంపింది ఎవరు? అత్తగారు కాదే. ఒలకకుండా తీసుకెళ్ళిందని ముద్దుపెట్టుకుంది ఎవరు?

సాయంత్రం డైరెక్టరు మెల్లగా చెప్పాడు. "రేపు పొద్దున్న కూడా కుదరకపోతే వేరే అమ్మాయిని పెట్టుకుంటాం. ఏమనుకోకండి."

 ఇంటి ముందుకొచ్చాక పిల్ల అంది. "అమ్మా, నాకిది కావాలే. ఎలా కూర్చోవాలో నువ్వైనా చెప్పు."

వండటం చెప్పింది, ఉతకడం చెప్పింది, సర్దుకుపోవడం చెప్పింది. ఇది ఆమెకీ రాదు.

మోటార్లు బాగుచేసే తండ్రి పని నుంచి వచ్చాడు, తిన్నాడు, మంచమెక్కాడు. "నీళ్ళు!"

వంటింట్లో ఇద్దరూ లేవబోయారు. తల్లి పిల్ల చెయ్యి పట్టి లాగింది. "కూర్చో. నాతోపాటు కూర్చో."

"ఇద్దరికీ చెవుడొచ్చిందా?"

 తల్లి రెండు చేతులతో తన మోకాళ్ళు అదిమి పెట్టుకుంది.

"ఏమే, నిన్నే! సినిమా పిచ్చి నీకూ పట్టిందా?"

"పిల్లకి నేర్పుతున్నానండీ."

"ఏం నేర్పుతున్నావ్?"

"కూర్చోవడం."

ఆయన ఏదో గొణిగి గోడవైపు తిరిగి పడుకున్నాడు. ఆ రాత్రి నీళ్ళు తాగలేదు.

మర్నాడు పొద్దున్న ఆయనే ముందు లేచాడు. వంటింట్లో డబ్బాలు జరిగాయి, మూతలు కిందపడ్డాయి. దుప్పటి కింద పిల్ల కాళ్ళు కదిలాయి. ఆగిపోయాయి. తల్లి కళ్ళు తెరవలేదు. కాసేపటికి ఆయన వచ్చి గుమ్మంలో నిలబడి, పెళ్ళినాటి నుంచీ తానున్న ఆ ఇంట్లో, గొంతు తగ్గించి అడిగాడు.

"ఏమే, గ్లాసులెక్కడుంటాయి?"