తాడు మీద హెడ్ నర్సు

మా అమ్మాయి గ్లోరీ ఏం చదువుతోందని చర్చిలో ఎవరైనా అడిగితే, మా ఆయన శామ్సన్ గారు "సైన్సు" అని చెప్పి అక్కడితో ఆపేసేవారు. ఆ సైన్సు కొండముచ్చుల మీద అని మిగిలిన సగం నేను పూర్తి చేసేదాన్ని. నర్సింగు చదివిన పిల్లలూ, బ్యాంకు పరీక్షలు రాసిన పిల్లలూ నిండుగా ఉన్న మా సంఘంలో, మెడలో బైనాక్యులర్ వేలాడేసుకుని కోతుల వెంట తిరిగే పిల్ల మాకొక్కరికే ఉంది. పోటీ లేదు కాబట్టి ఫస్టు మనదే అనేదాన్ని. ఆయనకు నవ్వొచ్చేది కాదు.

గ్లోరీ చదువుతున్న గుంపు అడవిలో కాదు, రైల్వే ఉద్యోగానికని వచ్చి మేం స్థిరపడ్డ ఈ హిందీ ఊళ్లోనే, మోవాలోనే ఉండేది. మా వీధి చివర మామిడి తోటలో పడుకుని, పొద్దున్నే రోడ్డవతల ఇప్పచెట్లకూ చెరువుకూ వెళ్లి, సాయంత్రానికి తిరిగొచ్చేది. ఒకప్పుడు రోడ్డుకు రెండు వైపులా ఉన్న చెట్లు పైన కలిసిపోయి ఉండేవి. కొమ్మ మీంచి కొమ్మ మీదికి దూకితే దాటినట్టే. రోడ్డు వెడల్పు చేసినప్పుడు వాటిని కొట్టేశారు. సిల్తారా ఫ్యాక్టరీలకు పోయే లారీలు ఆ దారి పట్టాయి. కొండముచ్చులు నేల మీద దాటడం మొదలుపెట్టాయి. కొన్ని దాటలేకపోయాయి.

ఒకరోజు లారీ కింద పడిన కొండముచ్చు పిల్లకు తువ్వాలు కప్పి, ఫారెస్టు వాళ్లు వచ్చేదాకా గ్లోరీ రోడ్డు పక్కనే కూర్చుంది. ఇంటికొచ్చి అన్నం ముట్టలేదు. మా ఆయన కూడా తినలేదు. అడిగితే ఎసిడిటీ అన్నారు.

ఆ తర్వాతే కాలనీ సెక్రటరీ ప్రేమ్‌చంద్ గారు అందరి చేతా సంతకాలు పెట్టించి ఫారెస్టు ఆఫీసులో ఫిర్యాదు ఇచ్చారు. కోతులు నీళ్ల ట్యాంకుల మూతలు లాగేస్తున్నాయి, రోడ్డుకు అడ్డం పడి యాక్సిడెంట్లు చేయిస్తున్నాయి, పట్టుకుపోయి ఎక్కడైనా అడవిలో వదలండి అని. లారీలను పట్టుకుపొమ్మని మాత్రం ఎవరూ రాయలేదు. అడవిలో హాయిగానే ఉంటాయి కదా అని నేనే ఒకసారి అన్నాను. గ్లోరీ నా వంక చూసింది.

"ఖాళీగా ఉన్న అడవి ఎక్కడుంది మమ్మీ? ప్రతి చెట్టుకీ ఇంకో గుంపు ఉంటుంది. వీటిని తీసుకెళ్లి మధ్యలో వదిలితే, అక్కడి మగది ముందు పిల్లల్ని చంపుతుంది."

రేంజర్ గారు మంచివాడే. గ్లోరీ వెళ్లి మాట్లాడితే ఒక్క మాట ఇచ్చాడు. రోడ్డు మీద కాలు పెట్టకుండా గుంపు దాటే ఏర్పాటు ఏదైనా చేసి చూపిస్తే ఫిర్యాదు పక్కన పెడతానన్నాడు. గడువు వానలు పడేదాకా. చినుకు పడ్డాక కూడా కిందే దాటుతుంటే వలలతో మనుషుల్ని పంపక తప్పదన్నాడు.

అప్పుడే గ్లోరీ తాడు వంతెన అంది. రెండు గట్టి తాళ్లు పక్కపక్కన వేసి, మధ్యలో నిచ్చెన మెట్లలా అడ్డ తాళ్లు అల్లి, మామిడిచెట్టు నుంచి ఇప్పచెట్టుకు రోడ్డు మీదుగా కట్టడం. సంగతి తెలిసి పక్కింటి శేషమ్మ వచ్చింది. వాళ్లదీ రైల్వే కుటుంబమే. విజయనగరం వైపు నుంచి వచ్చి ముప్పయ్యేళ్లయినా యాసలో వీసమెత్తు మార్పు రాలేదు.

"ఏటి వదినా, మీ గుంట కోతులకి బ్రిడ్జి కడతాదట? మన గేటు ముందు గుంత పూడ్చమని నాలుగేళ్ల బట్టీ అడుగుతున్నాం. ఆ కోతుల్తోటే ఓ అర్జీ పెట్టించరాదూ, అయినా అవుద్ది."

మంగళవారం మంగళవారం ఆ కోతులకే అరటిపళ్లు పెట్టే మనిషి శేషమ్మ. పెడితే అవి కిందికి దిగి రోడ్డు మీదికొస్తున్నాయని గ్లోరీ చెప్పలేక నలిగిపోయేది. మనం చర్చికెళ్లే వాళ్లం, హనుమంతుడి సంగతి మనం చెబితే బాగుండదని మొహమాటం. నేను శేషమ్మతో, పళ్లు తిని తిని గుంపులో పెద్దదానికి షుగరొచ్చినట్టుందట, గ్లోరీ బెంగ పెట్టుకుంది అన్నాను. శేషమ్మకు కూడా షుగరే. మరుసటి మంగళవారం నుంచి అరటిపళ్లు గుళ్లో పంచింది. దేవుడు నన్ను క్షమిస్తాడనే నమ్మకం నాకుంది.

ఇక తాడు కట్టడం మా ఆయన వంతయింది. ఎవరూ అడగలేదు. రైలు పైన పోయే కరెంటు తీగల విభాగంలో రిటైరయ్యేదాకా పని చేసిన మనిషి. ఇంట్లో దండెం వేలాడితే లేచి బిగించి గాని కాఫీ తాగరు. కూతురు చేత్తో గీసిన బొమ్మ చూసి, "ఇదేం కట్టడం, చీర ఆరేసినట్టుంది" అని పెన్సిలు ఆయన తీసుకున్నారు.

రైల్లో కిటికీ పక్కన కూర్చున్నవాళ్లు చూసే ఉంటారు, అక్కడక్కడ స్తంభానికి గుండ్రటి బరువులు దొంతరగా వేలాడుతుంటాయి. ఎండకు తీగ సాగితే ఆ బరువులు కిందికి దిగి దాన్ని మళ్లీ బిగిస్తాయి. మా ఆయన ఆ పద్ధతే పెట్టారు. పాత పెయింటు డబ్బాల నిండా సిమెంటు పోసి, పసుపు రంగు వేసి, మామిడిచెట్టు వైపు కప్పీ మీంచి వేలాడదీశారు. మే నెల ఎండలో కూడా తాడు గీత గీసినట్టుండేది. ఆయన కింద నిలబడి, ఒక కన్ను మూసి చూసుకుని, కీర్తన ఈల వేసుకుంటూ ఇంటికొచ్చారు. కూతురి చదువు గురించి మాట్లాడకుండా కూతురితో కలిసి ఆయన రోజంతా గడపడం అదే మొదలు. ఆ సాయంత్రం చర్చిలో ఎవరో అడిగితే "కొండముచ్చుల మీద రీసెర్చి" అన్నారు. నాకు చెప్పడానికేం మిగల్చలేదు.

కొండముచ్చులు మాత్రం వంతెన ఎక్కలేదు.

గుంపుకు ముందు నడిచేది ఒక పెద్ద ఆడది. చెవి కొస కొంచెం చిరిగి ఉంటుంది. గ్లోరీ దానికేదో నంబరు ఇచ్చింది గాని, నేను హెడ్ నర్సు అని పిలిచేదాన్ని. నడుస్తుంటే వార్డు రౌండ్లకు వచ్చినట్టే ఉండేది. మిగతా ఆడవాటికి మా చర్చి పాటల బృందంలోని వాళ్ల పేర్లు పెట్టుకున్నాను. ఏది ఎవరో బయట పెట్టను.

రోజూ పొద్దున్నే హెడ్ నర్సు వచ్చి తాడు మీద రెండు చేతులూ వేసేది. అంతే, వెనక ఏదో గగ్గోలు పుట్టేది. గుంపంతా కొమ్మల్లోకి చెదిరిపోయి, ఆఖరికి కిందికి దిగి రోడ్డు మీంచే దాటేది. ప్రేమ్‌చంద్ గారు వాకింగుకు వస్తూ పైకి చూసి, చాలా అందంగా ఉందండీ, దీపాలు వేలాడదీస్తే పండక్కి పనికొస్తుంది అని పోయేవారు. ఎండలు ముదిరాయి. సాయంత్రాలు మబ్బు కమ్మడం మొదలైంది.

ఒకరోజు గ్లోరీ వంటింట్లోకి వచ్చి గుమ్మానికి ఆనుకుని నిలబడింది. కారణం దొరికిందంది. భయం తాడంటే కాదట. హెడ్ నర్సు తాడు మీద బరువు వెయ్యగానే ఆ పసుపు డబ్బాలు కదిలి పైకి లేస్తాయి. అది ఒక అడుగు వెనక్కేస్తే దభీమని దిగుతాయి. సరిగ్గా అక్కడే, తాడు మొదలు దగ్గర, తల్లులు పిల్లల్ని పొట్టకు కరిపించుకుని వరసలో కూర్చుని ఉంటాయి. పక్కనున్న వస్తువు తనంతట తాను లేస్తుంటే ఏ తల్లి కూర్చుంటుంది? అవి అరిస్తే ముందున్నది వెనక్కొచ్చేస్తుంది. డబ్బాలు తీసేసి తాడును కొమ్మలా కాస్త వేలాడనివ్వాలి. రెండు కొసలూ పైకి జరిపితే లారీలకు తగలదు.

"మరి డాడీకి చెప్పు," అన్నాను.

"నావల్ల కాదు మమ్మీ. ఇన్నాళ్లకు ఆయన..." అని ఆగిపోయింది.

ఆ వాక్యం తండ్రీకూతుళ్లలో ఎవరూ పూర్తి చెయ్యరని నాకు తెలుసు. మర్నాడు గ్లోరీని పొద్దున్నే యూనివర్సిటీకి పంపించేశాను. నాకు తలనొప్పి తెచ్చుకున్నాను. గుంపును చూసేవాళ్లు లేరు, ఒక్కరోజు చూడకపోతే పిల్ల పనంతా పాడవుతుంది, మీరే ఆ బైనాక్యులర్ పట్టుకుని కాసేపు కూర్చోండి అని మా ఆయన్ని పంపాను. అవి తాడు ఎందుకు ఎక్కట్లేదో మాత్రం నేను చెప్పలేదు. తీగల కింద జీవితమంతా తనిఖీ చేసిన మనిషికి ఎక్కడ చూడాలో ఒకరు చెప్పాలా?

తిరిగొచ్చేసరికి ఎండ బాగా ఎక్కింది. బూట్లు విప్పకుండా కుర్చీలో కూర్చున్నారు. కాఫీ ఇచ్చాను. పూర్తిగా తాగారు.

"తలనొప్పి తగ్గిందా?" అన్నారు.

"తగ్గిందండీ."

"తగ్గుద్దిలే. గ్లోరీకి తెలుసా?"

తెలుసన్నాను. ఆయన లేచి నిచ్చెన తీశారు. "మరి నాకు చెప్పొచ్చు కదా ఆ పిల్ల. నేనేమన్నా రైల్వే జీఎంనా?" అంటూ బయటికి నడిచారు.

సాయంత్రం గ్లోరీ వచ్చేసరికి డబ్బాలు మా పెరట్లో ఉన్నాయి. తాడు కొసలు ఇంకో మనిషెత్తు పైకి జరిగాయి. తాడు మధ్యలో వంపు తిరిగి, ఆయన చెప్పినట్టు, అచ్చం చీర ఆరేసినట్టే ఉంది. దాని కింద నిలబడి చూడటానికి ఆయనకెంత కష్టమైందో మెడ మీద నరం చూస్తే తెలిసింది. అటుగా వచ్చిన శేషమ్మ, ఏటన్నయ్యా మీ తాడు జారిపోనాది అంది.

"జారలేదమ్మా, వదిలాను," అన్నారు. "అలాగే ఉండాలి. మా అమ్మాయి కనిపెట్టింది."

గ్లోరీ పక్కకు తిరిగి సంచిలో ఏదో వెతుక్కుంది. సంచిలో ఏమీ లేదు.

కొత్తగా కట్టిన తాడును రెండు పొద్దులు గుంపు ఊరికే చూసింది. మూడోనాడు పొద్దున్నే మబ్బులు కమ్మి ఉన్నాయి. ముగ్గురం రోడ్డు పక్కన నిలబడ్డాం. హెడ్ నర్సు వచ్చింది, చేతులు వేసింది. వెనక ఏ చప్పుడూ లేదు. ఒక అడుగు వేసింది. తాడు ఊగింది, అది కూడా తాడుతో పాటే ఊగింది, తోకను అటూ ఇటూ వాల్చుకుంటూ. కింద ఇనుప లోడుతో లారీ ఒకటి వచ్చి, డ్రైవరు పైకి చూసి బండి ఆపేశాడు. వెనకవాళ్లు హారన్లు కొట్టారు. అది నడి మధ్యలో కూర్చుని లారీ వంక చూసింది. తర్వాత లేచి, తొందరేమీ లేకుండా నడిచి, ఇప్పచెట్టెక్కి ఒక్క అరుపు అరిచింది. వెనక నుంచి పాటల బృందం బయల్దేరింది. అందరికన్నా ఆఖర్న, పుట్టి ఎన్నాళ్లో కాని నల్లటి పిల్లను పొట్టకు కరుచుకున్న తల్లి వచ్చింది. అది కూడా దాటింది. రోడ్డు మీద ఒక్క కాలు కూడా పడలేదు.

గ్లోరీ ఏడవలేదు. వాళ్ల నాన్న భుజం మీద చెయ్యేసి నిలబడింది. ఆయన చేతులు వెనక్కి కట్టుకుని, ఎవరో పెద్ద ఆఫీసరు స్పెషల్ రైల్లో వెళ్తున్నప్పుడు ప్లాట్‌ఫాం మీద నిలబడే భంగిమలో నిలబడ్డారు.

ఆ వారమే రేంజర్ గారు సాయంత్రం వేళ వచ్చి, గుంపు తిరుగు ప్రయాణం తన కళ్లతో చూశాడు. ప్రేమ్‌చంద్ గారు పక్కనే ఉండి, మొదటి నుంచీ కాలనీ తరఫున పూర్తి సహకారం ఇచ్చామని చెప్పారు. రేంజర్ తలూపి, ఇక వలలు రావని గ్లోరీతో చెప్పాడు. వెళ్లబోతూ జీపు దగ్గర ఆగి గ్లోరీతో హిందీలో, "మేడమ్, ధర్సీవా దగ్గర కూడా ఇలాగే ఒక గుంపు రోడ్డున పడింది. అక్కడ కూడా కట్టి పెడతారా?" అని అడిగాడు. మా ఇంట్లో ఇంతవరకు నన్ను కూడా ఎవరూ మేడమ్ అనలేదు.

జీపు వెళ్లిపోయింది. సన్నగా చినుకులు మొదలయ్యాయి. మా ఆయన చొక్కా జేబులోంచి పెన్సిలు తీసి కూతురికి అందించారు.

"అక్కడ రోడ్డు ఇంకా వెడల్పమ్మా. వంపు ఎంత పెట్టమంటావు?"

గ్లోరీ చెప్పడం మొదలుపెట్టింది. ఆయన వానలో నిలబడే విన్నారు.